క్రిస్మస్ రాత్రి ఎవ్రీటౌన్: ‘థింగ్స్ టు కమ్’ చూసినవి, చూడలేకపోయినవి

1940 క్రిస్మస్. ఎవ్రీటౌన్ అనే ఊళ్లో బజారు కిటకిటలాడుతోంది. పండగ పాటలు, చేతుల నిండా పొట్లాలు, షాపుల అద్దాల వెనక బొమ్మలు. ఆ రద్దీ మధ్యలోంచే యుద్ధం ముంచుకొస్తోందంటూ న్యూస్‌పేపర్ల ప్లకార్డులు కదిలిపోతుంటాయి. ఎవరూ ఆగి చదవరు. ఆ పండగ పూటే ఊరి మీద విమానాలు వస్తాయి.

‘థింగ్స్ టు కమ్’ అనే బ్రిటిష్ సినిమాలోని ఈ సీన్ జనం చూసింది 1936 ఫిబ్రవరి 21న, లండన్‌లో. అంటే సినిమాలోని ఆ క్రిస్మస్ రావడానికి ఇంకా దాదాపు ఐదేళ్లు ఉంది. అసలు యుద్ధం 1939 సెప్టెంబర్‌లో మొదలైంది. 1940 డిసెంబర్ 22, 23 రాత్రుల్లో, సరిగ్గా క్రిస్మస్ ముంగిట, జర్మన్ విమానాలు మాంచెస్టర్‌ని తగలబెట్టాయి. 29 రాత్రి లండన్ నడిబొడ్డు మంటల్లో చిక్కుకుంది. ఆ పొగలోంచి సెయింట్ పాల్స్ చర్చి గుమ్మటం తేలి కనిపించే ఫొటో ఆ యుద్ధానికే గుర్తుగా మిగిలిపోయింది. ఎవ్రీటౌన్ సెట్‌లో కూడా కూడలి వెనక అలాంటి గుమ్మటమే ఒకటి నిలబడి ఉంటుంది.

అందుకే ‘థింగ్స్ టు కమ్’ పేరెత్తగానే ముందుగా జోస్యం మాట వస్తుంది. ఆ మెప్పు దానికి దక్కాల్సిందే. కానీ ఆ జోస్యంలో ఒక పెద్ద ఖాళీ ఉంది. బాంబులు పడతాయని చెప్పగలిగిన ఈ సినిమా, బాంబులు పడ్డ మర్నాడు పొద్దున్న మనుషులు ఏం చేస్తారో మాత్రం ఊహించలేకపోయింది. సినిమాలోని మంచీ చెడూ రెండూ ఆ ఒక్క చోటి నుంచే పుట్టాయి.

కథ, స్క్రిప్ట్ హెచ్.జి. వెల్స్‌వి. అప్పటికి ఆయనకి డెబ్బై ఏళ్లు దగ్గరపడ్డాయి. ‘ది టైమ్ మెషీన్’, ‘ది వార్ ఆఫ్ ది వరల్డ్స్’ రాసి నలభై ఏళ్లు కావస్తోంది. 1933లో ఆయన ‘ది షేప్ ఆఫ్ థింగ్స్ టు కమ్’ అనే పుస్తకం రాశారు. చెప్పడానికి నవలే గానీ, అది రాబోయే దాదాపు నూటడెబ్బై ఏళ్లని జరిగిపోయినట్టుగా చెప్పే చరిత్ర పుస్తకం. అందులో వెంటపడి చదివించే కథ గానీ, మనసుకి పట్టే పాత్ర గానీ లేవు. అలాంటి పుస్తకాన్ని తెర మీద పెట్టడానికి సిద్ధపడింది అలెగ్జాండర్ కోర్డా. హంగరీ నుంచి వచ్చి లండన్‌లో స్థిరపడిన ఈ నిర్మాత, 1933లో ఎనిమిదో హెన్రీ రాజు మీద తీసిన సినిమాతో బ్రిటిష్ సినిమా అమెరికాలో కూడా ఆడుతుందని నిరూపించాడు. ఆ ఊపులో ప్రుడెన్షియల్ ఇన్సూరెన్స్ కంపెనీ ఆయన వెనక డబ్బు పెట్టింది. లండన్ దగ్గర డెనమ్‌లో కొత్త స్టూడియో కట్టడం ఒకపక్క, ఈ సినిమా షూటింగ్ ఇంకోపక్క. ఖర్చు రెండున్నర లక్షల పౌండ్లకి అటూఇటూ. ఆ రోజుల్లో బ్రిటిష్ సినిమాకి అది కళ్లు తిరిగే అంకె.

బ్రిటిష్ సినిమా అని అంటున్నాం గానీ, పనిచేసినవాళ్ల లిస్టు చూస్తే సగం యూరప్ కనిపిస్తుంది. సెట్లు కోర్డా తమ్ముడు విన్సెంట్‌వి. కెమెరామన్ జార్జ్ పెరినాల్ ఫ్రెంచివాడు. మోడల్స్, ట్రిక్ షాట్లు చూసుకున్న నెడ్ మాన్ అమెరికన్. డైరెక్టర్ విలియం కామెరాన్ మెంజీస్ కూడా అమెరికనే; ఆర్ట్ డైరెక్షన్‌కి మొట్టమొదటి ఆస్కార్ అందుకున్నది ఈయనే. కొన్ని ప్రయోగాత్మక షాట్ల కోసం లాస్లో మొహోలీ-నాజ్‌ని పిలిచారు. నాజీలు రాగానే జర్మనీ వదిలేసిన కళాకారుడాయన, బావ్‌హౌస్ అనే పేరున్న జర్మన్ కళల బడికి చెందినవాడు. గాజు గొట్టాలు, కాంతి, నీడలతో ఆయన తీసిన దాంట్లో చాలా కొంచెమే సినిమాలో మిగిలింది. ప్రపంచంలో సరిహద్దులు చెరిగిపోతాయని చెప్పే కథని, సరిహద్దులు దాటి వచ్చినవాళ్లే ఎక్కువగా తీశారన్నది గుర్తుపెట్టుకోవాల్సిన సంగతి.

రచయితకి సెట్ మీద అంత పెత్తనం ఇవ్వడం సినిమాల్లో అరుదు. వెల్స్ దుస్తుల దగ్గర్నుంచి సంగీతం దాకా అన్నిట్లో తలదూర్చారు. ఫ్రిట్జ్ లాంగ్ ‘మెట్రోపోలిస్’ని 1927లో ఆయన పేపర్లో చీల్చి చెండాడారు. ఆ సినిమాలో ఏం చేశారో దానికి పూర్తిగా ఎదురుగా ఉండాలని ఇప్పుడు తన యూనిట్‌కి ప్రత్యేకంగా నోట్ రాసి పంపారు. యంత్రాల కింద నలిగే కూలీలు, చీకటి నేలమాళిగలు ఆయనకి వద్దు. యంత్రం బాగా పనిచేస్తే బానిస చాకిరీ ఉండదు కదా అన్నది ఆయన వాదన. వాదనగా అది బలమైనదే. తెర మీద మాత్రం అది వేరే చిక్కు తెచ్చింది, దాని సంగతి తర్వాత.

బాంబింగ్ సీన్లు ఇప్పటికీ ఎందుకు వణికిస్తాయో చూడాలి. హీరో స్నేహితుడు పాస్‌వర్తీ యుద్ధం రాదని నమ్మే మనిషి. వాళ్లబ్బాయి తలకి బొమ్మ హెల్మెట్ పెట్టుకుని, మెడలో డోలు వేసుకుని వాయిస్తూ అడుగులేస్తుంటాడు. వాడి వెనకాల గోడంత ఎత్తున సైనికుల నీడలు కవాతు చేస్తూ పోతాయి. డైలాగ్ ఒక్కటి లేదు, డోలు చప్పుడు తప్ప. కాసేపటికి కూడలి మీద బాంబులు పడతాయి. సినిమా హాలు కూలుతుంది, బస్సులు తిరగబడతాయి, జనం ఎటు పరిగెత్తాలో తెలియక ఒకళ్ల మీద ఒకళ్లు పడతారు. చివర్లో శిథిలాల మధ్య ఒక పిల్లాడు కదలకుండా పడి ఉంటాడు. మెంజీస్ బొమ్మతో ఆలోచించే మనిషి. నటులతో మాటలు చెప్పించాల్సి వచ్చినప్పుడు తడబడ్డాడు గానీ, ఇలాంటి చోట ఆయనకి సాటి వచ్చేవాళ్లు ఆ కాలంలో తక్కువ.

ఈ భయం గాలిలోంచి పుట్టింది కాదు. 1915 మే 31 రాత్రి జెప్పెలిన్ అనే జర్మన్ గాలి ఓడ మొదటిసారి లండన్ మీద బాంబులు వేసింది. 1917 జూన్ 13న పట్టపగలు గోథా విమానాలు వచ్చి 162 మందిని చంపాయి. పాప్లర్‌లో ఒక బడి మీద పడ్డ బాంబుకి 18 మంది పిల్లలు చనిపోయారు. ఆ పిల్లల తల్లిదండ్రులు 1936లో ఇంకా అదే లండన్‌లో ఉన్నారు. 1932లో బ్రిటిష్ నాయకుడు స్టాన్లీ బాల్డ్విన్ పార్లమెంటులో లేచి, ఎన్ని చేసినా బాంబర్ విమానం ఎలాగోలా దూసుకొస్తుందని, సామాన్యుడు ఆ నిజం తెలుసుకోవాలని చెప్పాడు. ఇక విషవాయువు. సినిమా రిలీజైన రోజుల్లోనే ముస్సోలినీ విమానాలు ఇథియోపియాలో మస్టర్డ్ గ్యాస్ చల్లుతున్నాయి. థియేటర్లో కూర్చున్నవాళ్లకి తెర మీద కనబడిన ఎవ్రీటౌన్ భవిష్యత్తు కాదు, పొద్దున పేపర్లో చదివిన వార్తకి కొనసాగింపు. ఆ టెన్షన్ దేశాలు దాటి వచ్చింది కూడా. 1942 ఏప్రిల్ 6న జపాన్ విమానాలు విశాఖపట్నం, కాకినాడల మీద బాంబులు వేశాయి. ఆకాశంలోంచి చావు రావడం అంటే ఏంటో తెలుగు తీరం కూడా ఆ రోజు చూసింది.

సినిమా మొత్తంలో మనసుని పట్టుకుని వదలని సీన్ మాత్రం పెద్ద సెట్లలో లేదు. ఖాళీ పొలంలో ఉంది. హీరో జాన్ కబాల్ పైలట్. పాత్ర రేమండ్ మాసీది. శత్రువు విమానాన్ని కూల్చేసి, కిందికి దిగి దాని దగ్గరికి వెళ్తాడు. లోపలి పైలట్ కుర్రాడికి బాగా దెబ్బలు తగిలాయి. అతను మోసుకొచ్చిన గ్యాస్ అప్పటికే బయటికి లీకై, గాలివాటున ఇటే పాకుతోంది. కబాల్ అతనికి గ్యాస్ మాస్క్ తొడగబోతాడు. ఇంతలో ఒక చిన్నపిల్ల పరిగెత్తుకుంటూ వస్తుంది. కుర్రాడు తన మాస్క్ ఆ పిల్లకి పెట్టమంటాడు. కబాల్ పిల్లని విమానంలోకి ఎక్కించుకుంటాడు, వెళ్తూ వెళ్తూ కుర్రాడి చేతిలో పిస్తోలు పెడతాడు. ఒంటరిగా మిగిలిన ఆ కుర్రాడు తనలో తను మాట్లాడుకుంటాడు: ఆ పిల్ల అమ్మానాన్నల్ని నేనే చంపానేమో, ఇప్పుడు ఆ పిల్ల కోసం నేను చస్తున్నాను. అతనికి నవ్వొస్తుంది. గ్యాస్ దగ్గరికి వస్తుంది.

ఈ సీన్ రెండు మూడు నిమిషాలకి మించదు. ఇందులో ప్రపంచ ప్రభుత్వం లేదు, సైన్స్ గురించి ఉపన్యాసం లేదు. ఇద్దరు శత్రువులు, ఒక పిల్ల, ఒక మాస్క్. మామూలు మనిషి కష్టంలో ఏం చేయగలడో వెల్స్‌కి తెలుసు అనడానికి ఇదే సాక్ష్యం. తెలిసి కూడా మిగతా సినిమాలో ఆ మామూలు మనిషిని పక్కకి నెట్టేయడమే బాధ కలిగించే విషయం.

కథ 1970కి దూకుతుంది. యుద్ధం ఎవరితో మొదలైందో, ఎందుకు జరుగుతోందో ఎవరికీ గుర్తులేదు. ఊరంతా శిథిలం. ఈలోపు ఒక మహమ్మారి వచ్చి ప్రపంచంలో సగం మందిని తీసుకుపోయింది. సినిమాలో దాని పేరు వాండరింగ్ సిక్‌నెస్, తిరుగుడు రోగం అనొచ్చు. జబ్బు పడ్డవాళ్లు పక్క మీంచి లేచి, కళ్లు తెరిచే ఏమీ చూడకుండా, వీధుల వెంట నడిచిపోతుంటారు. ఎదురొచ్చినవాళ్లు భయపడి పారిపోతారు. చివరికి వాళ్లని కాల్చి చంపడమే వైద్యం అవుతుంది. 1918 నాటి ఇన్‌ఫ్లుయెంజా ఒక్క ఇండియాలోనే కోటి మందికి పైగా ప్రాణాలు తీసింది. యుద్ధం వెనకే రోగం వస్తుందని ఆ తరానికి ఒకరు చెప్పక్కర్లేదు. నడిచే శవాల సినిమాలు ఇన్ని చూసిన ఈ కాలం ప్రేక్షకుడికి కూడా ఈ ఘట్టం చూస్తే ఒళ్లు గగుర్పొడుస్తుంది. డాక్టర్ హార్డింగ్ మందుల్లేకుండా, పరికరాల్లేకుండా ఏదో చేయాలని కొట్టుకుపోతుంటాడు. పెద్ద పెద్ద సిద్ధాంతాల కన్నా ఆ అలసిపోయిన డాక్టరే ఎక్కువ గుర్తుంటాడు.

ఆ ఊరిని ఏలేది ‘బాస్’. రోగుల్ని కాల్చి రోగాన్ని ఆపాననేది అతని గొప్ప. రాల్ఫ్ రిచర్డ్‌సన్ వేసిన ఈ పాత్ర రాగానే సినిమాకి ప్రాణం వస్తుంది. నడుం మీద చేతులు, ముందుకి తోసిన గడ్డం, గట్టిగా అరిచే అలవాటు చూస్తే ముస్సోలినీ గుర్తొస్తాడు. కొండ మీది జనంతో బొగ్గు గనుల కోసం అతనికి యుద్ధం. విమానాలున్నాయి గానీ పెట్రోలు లేదు. గోర్డన్ అనే మెకానిక్ ముక్కలు పోగేసి వాటిని లేపాలని చూస్తుంటాడు. ఒక చోట కారు ఒకటి వస్తుంది, ముందు గుర్రాన్ని కట్టి లాగిస్తున్నారు. పెట్రోలు అయిపోయిన నాగరికత ఎలా ఉంటుందో పది పేజీలు రాసినా ఆ ఒక్క షాట్ అంత సూటిగా చెప్పలేం.

అప్పుడు దిగుతాడు జాన్ కబాల్, ముసలివాడై, నల్లటి దుస్తుల్లో, తల కన్నా ఎంతో పెద్ద హెల్మెట్‌తో. ఆయన ఇప్పుడు ‘వింగ్స్ ఓవర్ ది వరల్డ్’ మనిషి. బతికి బయటపడ్డ ఇంజినీర్లు, పైలట్లు, సైంటిస్టులు కలిసి ఇరాక్‌లోని బస్రాలో స్థావరం పెట్టుకుని, ప్రపంచాన్ని మళ్లీ దారిలో పెడుతున్నారట. దేశాలు ఉండవు, బాస్‌లు ఉండరు. బాస్ ఆయన్ని ఖైదు చేస్తే, పెద్ద పెద్ద విమానాలు వచ్చి ఊరి మీద ‘శాంతి వాయువు’ వదులుతాయి. జనమంతా స్పృహ తప్పి పడిపోతారు. లేచేసరికి పాలకులు మారిపోయి ఉంటారు. బాస్ మాత్రం లేవడు.

ఇక్కడ ఆగి ఆలోచించాలి. బస్రా ఎందుకు? మొదటి ప్రపంచ యుద్ధంలో 1914 నవంబర్‌లో ఆ ఊరిని పట్టుకున్నది బ్రిటిష్ ఇండియా పంపిన సైన్యమే. 1922 నుంచి ఇరాక్‌ని అదుపులో ఉంచే బాధ్యత బ్రిటన్ తన వాయుసేనకి అప్పగించింది. పన్ను కట్టని, ఎదురుతిరిగిన పల్లెల మీద విమానాలు పంపి బాంబులు వేయించడం ఆ పద్ధతి. కాల్బలం కన్నా ఖర్చు తక్కువని లండన్‌లో దాన్ని మెచ్చుకున్నారు కూడా. లండన్ నుంచి కరాచీకి వెళ్లే ప్రయాణికుల విమానాల దారీ బస్రా మీదుగానే. అంటే ఆకాశంలోంచి ఏలడం అనే ఆలోచన వెల్స్ కొత్తగా కనిపెట్టింది కాదు. కింద ఉన్నవాళ్ల అనుమతి అడగకుండా అది అప్పటికే అమల్లో ఉంది. ఆయన దానికి మంచి ఉద్దేశం జోడించారు. బాంబుకి బదులు నిద్ర గ్యాస్ పెట్టారు. పైనుంచి వచ్చినవాళ్లు, కిందున్నవాళ్లు అనే లెక్క మాత్రం మారలేదు. సినిమా మొదట్లో గ్యాస్ చల్లడం మహాపాపం, నడుమకి వచ్చేసరికి అదే గ్యాస్ మోక్షమార్గం. ఈ రెంటి మధ్య ఎవరైనా ఒక పాత్ర ఒక్క ప్రశ్న వేసి ఉంటే బాగుండేది. ఎవరూ వేయరు.

తర్వాత వచ్చే ఐదారు నిమిషాలు చూడాల్సిందే. ప్రపంచాన్ని తిరిగి కట్టే ఘట్టం. కొండల్ని తొలిచే యంత్రాలు, కరిగిన లోహం, గాజు, ఆవిరి. మాటలు లేవు, ఆర్థర్ బ్లిస్ సంగీతం తప్ప. మామూలుగా సినిమా అయ్యాక చివర్లో సంగీతం కడతారు. ఇక్కడ వెల్స్ పట్టుబట్టి కొంత సంగీతాన్ని ముందే రాయించారు. సినిమా రావడానికి నెలల ముందే, 1935 సెప్టెంబర్‌లో, లండన్ ప్రామ్స్ కచేరీలో ఆ సంగీతాన్ని వాయించారు. గ్రామఫోన్ రికార్డులుగా కూడా అమ్మారు. సినిమా సంగీతం సినిమా లేకుండా నిలబడగలదని చూపించిన తొలి ఉదాహరణల్లో ఇదొకటి.

2036 ఎవ్రీటౌన్ నేల కింద ఉంటుంది. అంతా తెలుపు. గాజు లిఫ్టులు, ఎత్తైన వంతెనలు, కిటికీలు అక్కర్లేని కృత్రిమ వెలుగు. ఆ షాట్లు తీసిన పద్ధతి ముచ్చటగా ఉంటుంది. మనుషులు తిరిగే కింది భాగాన్ని మాత్రమే నిలువెత్తు సెట్‌గా కట్టారు. పై అంతస్తులన్నీ చిన్న మోడల్. దాన్ని కెమెరాకి దగ్గరగా వేలాడదీసి, సెట్ గోడ ఎక్కడ ఆగుతుందో సరిగ్గా అక్కడ మోడల్ గోడ మొదలయ్యేలా గీతకి గీత కలిపారు. వెలుగు కొంచెం తేడా వచ్చినా, కెమెరా వెంట్రుకవాసి కదిలినా మోసం బయటపడుతుంది. కంప్యూటర్ లేని రోజుల్లో కంటిని నమ్మించడానికి పడ్డ ఆ శ్రమ చూస్తే చేతులెత్తి దండం పెట్టాలనిపిస్తుంది.

ఊరు కట్టారు గానీ అందులో బతుకు కట్టలేదు. ఇందాకటి చిక్కు ఇదే. ‘మెట్రోపోలిస్’లోని కూలీల్ని వద్దనుకున్న వెల్స్, వాళ్ల చోట ఇంకెవరినీ పెట్టలేదు. ఈ 2036లో ఎవరైనా వంట చేసుకుంటారా, ఇరుగుపొరుగుతో గొడవపడతారా, పాట పాడుకుంటారా? తెలియదు. పొట్టి నిక్కర్లు, పైన కేప్‌లు వేసుకుని నిలబడి ప్రగతి గురించి మాట్లాడుకుంటారు. 1936లోనే ఈ సినిమా మీద రాసిన అర్జెంటీనా రచయిత బోర్హెస్, ఇందులోని స్వర్గానికీ నరకానికీ పెద్ద తేడా లేదని, నరకానికే కాస్త కళ ఎక్కువని తేల్చేశాడు. కొంచెం కటువుగా ఉన్నా ఆ మాట కొట్టిపారేయలేం. నాశనాన్ని ఆ తరం కళ్లారా చూసింది కాబట్టి దానికి వాసన, చప్పుడు ఉన్నాయి. సుఖాన్ని కాగితం మీద లెక్కగట్టారు కాబట్టి అది షోరూమ్‌లా మిగిలింది.

చివరి ఘట్టం అంతరిక్ష ఫిరంగి చుట్టూ తిరుగుతుంది. జాన్ కబాల్ మునిమనవడు ఆస్వాల్డ్ కబాల్ కూతురు కేథరిన్, పాస్‌వర్తీ వంశంలో కుర్రాడు మారిస్, ఇద్దరూ చంద్రుడి చుట్టూ తిరిగి రావడానికి బయల్దేరుతారు. వాళ్లని పెద్ద ఫిరంగిలో పెట్టి పేల్చాలి. సైన్స్ పరంగా సినిమాలో అన్నిటికన్నా బలహీనమైన చోటు ఇదే. భూమి ఆకర్షణ దాటాలంటే సెకనుకి 11.2 కిలోమీటర్ల వేగం కావాలి. ఫిరంగి గొట్టం ఏకంగా కిలోమీటరు పొడవుందనే అనుకుందాం. ఆ కిలోమీటరులోనే అంత వేగం అందుకోవాలంటే సెకనులో ఐదో వంతు కూడా పట్టదు. లోపలున్న మనిషి మీద పడే బలం మామూలు బరువుకి దాదాపు 6,400 రెట్లు. అరవై కిలోల మనిషి ఆ క్షణంలో 380 టన్నులు తూగుతాడు. యుద్ధ విమానం పైలట్ ప్రత్యేకమైన సూట్ వేసుకుని తట్టుకునేది తొమ్మిది రెట్లు. అప్పటికే 1926లో అమెరికన్ శాస్త్రవేత్త గొడార్డ్ ద్రవ ఇంధనంతో రాకెట్ ఎగరేశాడు. 1933లో లివర్‌పూల్‌లో పెట్టిన బ్రిటిష్ ఇంటర్‌ప్లానెటరీ సొసైటీ రాకెట్లతోనే చంద్రుడి దాకా వెళ్లాలని ఆలోచిస్తోంది. దారి ఎటు ఉందో తెలిసినవాళ్లు పక్కనే ఉన్నా, సినిమా 1865 నాటి జూల్ వెర్న్ నవలలోని ఫిరంగినే పట్టుకుంది.

నిజానికి 1968 డిసెంబర్‌లో, అదీ క్రిస్మస్ ముందు రాత్రే, అపోలో 8లో ముగ్గురు మనుషులు చంద్రుడి చుట్టూ తిరిగారు. సినిమా చెప్పిన ఏడాదికి 68 ఏళ్ల ముందు. నాశనం రావడానికి వెల్స్ ఇచ్చిన గడువు దాదాపు సరిపోయింది, ఆశకి ఇచ్చిన గడువు మరీ దూరమైంది.

ఫిరంగి కన్నా బాధపెట్టేది దాని చుట్టూ ఉన్న జనం. థియోటోకోపులోస్ అనే శిల్పి పెద్ద తెర మీద కనబడి, ఇక చాలు, ఈ ప్రగతిని ఆపండి, మనిషికి విశ్రాంతి కావాలి అంటాడు. సెడ్రిక్ హార్డ్‌విక్ వేసిన పాత్ర ఇది. ముందు ఎర్నెస్ట్ థెసిజర్‌తో తీసి, వెల్స్‌కి నచ్చక మళ్లీ తీశారు. అతని మాటల్లో అర్థం ఉంది. ఎందుకీ పరుగు అని అడగడం నేరం కాదు. సినిమా మాత్రం అతన్ని విలన్‌గానే నిలబెడుతుంది. అతని మాట విన్న జనం ఫిరంగిని విరగ్గొట్టడానికి ఇనుప మెట్ల మీద చీమల్లా పాకుతూ వస్తారు. ఆస్వాల్డ్ కబాల్ తప్పుకోండని హెచ్చరించి ఫిరంగి పేల్చేస్తాడు. ఆ పేలుడు ధాటికి ఆ జనం ఏమయ్యారో సినిమా తిరిగి చూడదు. తర్వాతి షాట్‌లో కబాల్ నక్షత్రాల వైపు చూస్తూ, విశ్వమంతా కావాలా, శూన్యం కావాలా తేల్చుకో పాస్‌వర్తీ అని అడుగుతుంటాడు. మాసీ గొంతు, బ్లిస్ కోరస్ కలిసి ఆ మాటని ఆకాశానికెత్తేస్తాయి. కానీ మొదటి భాగంలో శిథిలాల్లో పడి ఉన్న ఒక్క పిల్లాడి దగ్గర ఆగిన కెమెరా, చివరి భాగంలో అంత జనం దగ్గర ఆగలేదు.

మూడు కాలాల్లోనూ ఇదే వరస. 1940లో జనం తొక్కిసలాడుకుంటారు. 1970లో బాస్‌కి జై కొడతారు. 2036లో శిల్పి వెంట పరిగెత్తుతారు. ఎప్పుడూ ఎవరో ఒకరు వాళ్లని నడిపించాల్సిందే. ఇది వెల్స్ ఒక్కడి నమ్మకం కూడా కాదు. బాంబులు పడ్డ కొద్ది వారాల్లోనే లండన్ జనం పిచ్చెత్తిపోతారని, ప్రభుత్వం కూలిపోతుందని అప్పటి అధికారులు, సైనిక నిపుణులు చాలామంది అనుకున్నారు. 1938 సెప్టెంబర్ నాటికి దాదాపు 3 కోట్ల 80 లక్షల గ్యాస్ మాస్కులు పంచారు. తీరా బ్రిటిష్ ఊళ్ల మీద గ్యాస్ పడనే లేదు. పడ్డ బాంబులకి 40 వేల మందికి పైగా చనిపోయారు, లక్షల ఇళ్లు పోయాయి. నాగరికత కూలలేదు. పగలు ఆఫీసులోనో ఫ్యాక్టరీలోనో పనిచేసి రాత్రి వార్డెన్ డ్యూటీకి వెళ్లినవాళ్లు, పైపు పట్టుకున్న ఫైర్‌మెన్, మెట్రో స్టేషన్లలో పరుపులు పరుచుకుని పడుకున్న కుటుంబాలు, పొద్దున్నే గాజుపెంకులు ఊడ్చి షాపు తెరిచినవాళ్లు దాన్ని మోశారు. ఎవ్రీటౌన్‌లో ఇలాంటివాళ్లు కనిపించరు. అక్కడ ఊరికి మున్సిపాలిటీ లేదు, యూనియన్ లేదు, కాలనీ సంఘం లేదు. మనుషుల్ని మనుషులతో కలిపే ఆ సన్నటి దారాలేవీ లేవు కాబట్టే, బస్రా నుంచి విమానాలు రావాల్సి వచ్చింది.

1941లో, బాంబుల మధ్యే, జార్జ్ ఆర్వెల్ వెల్స్ మీద ఒక వ్యాసం రాశాడు. ప్రణాళిక, ఉక్కు, కాంక్రీటు, విమానాలు, సైన్స్‌కి ప్రభుత్వ ప్రోత్సాహం, ఇలా వెల్స్ కోరుకున్నవి చాలావరకు నాజీ జర్మనీలో ఉన్నాయని, అవి ఎవరి చేతిలో ఉన్నాయన్నదే అసలు ప్రశ్న అని అతను ఎత్తి చూపాడు. చిన్నప్పుడు వెల్స్ పుస్తకాలు చదివి కళ్లు తెరిచిన తరం తనది అని ఒప్పుకుంటూనే ఆ మాట అన్నాడు. ఈ సినిమాకి కూడా అలాంటి విమర్శే తగినది, గౌరవం తగ్గకుండా వేలెత్తి చూపేది.

సినిమా బ్రిటన్‌లో బాగానే ఆడింది గానీ పెట్టిన ఖర్చు వెనక్కి రాలేదు. సెన్సార్‌కి వెళ్లినప్పుడు 117 నిమిషాలున్నది, రిలీజ్‌కి 108 అయింది, అమెరికాలో ఇంకా కోశారు. ఇప్పుడు దొరికేది గంటన్నర పైచిలుకు. కోతల్లో ఎక్కువగా పోయింది మనుషుల మధ్య మాటలే, ముఖ్యంగా మార్గరెటా స్కాట్ వేసిన రెండో పాత్ర దాదాపు మాయమైపోయింది. అసలే తక్కువగా ఉన్న మానుషం ఇంకా పలచబడింది. చాలా ఏళ్లు అరిగిపోయిన ప్రింట్లతోనే ఈ సినిమా తిరిగింది. 2013లో క్రైటీరియన్ అనే వీడియో కంపెనీ మంచి కాపీ తెచ్చింది కాబట్టి పెరినాల్ వెలుగునీడలు ఇప్పుడు సరిగ్గా కనిపిస్తాయి.

అంత తెల్లటి 2036లో ఒక్క చోట మాత్రం ఇల్లు కనిపిస్తుంది. ఒక ముసలాయన, ఆయన మునిమనవరాలు పక్కపక్కన కూర్చుని పెద్ద తెర మీద చరిత్ర పాఠం చూస్తుంటారు. పాత న్యూయార్క్ మేడలు చూసి ఆ పిల్ల, ఇన్ని కిటికీలెందుకు, అలా పైకి పొడుచుకుని వచ్చాయేంటి అని అడుగుతుంది. వాళ్ల ఊళ్లలో లోపల వెలుగు ఉండేది కాదమ్మా అంటాడాయన. పిల్ల మళ్లీ తెర వైపు తిరుగుతుంది.

ఆ పాత్ర వేసిన అమ్మాయి పేరు ఆన్ మెక్‌లారెన్. అప్పటికి ఎనిమిదేళ్లు. పెద్దయ్యాక జీవశాస్త్రంలోకి వెళ్లింది. 1958లో జాన్ బిగర్స్‌తో కలిసి, ఎలుక పిండాల్ని శరీరం బయట గాజుపాత్రలో పెంచి, తిరిగి తల్లి ఎలుక గర్భంలో పెట్టి, బతికిన పిల్లల్ని పుట్టించింది. ఇరవై ఏళ్ల తర్వాత 1978లో మనుషుల్లో మొదటి టెస్ట్‌ట్యూబ్ బేబీ పుట్టడానికి వేసిన పునాదుల్లో ఆ పని ఒకటి. 1991లో ఆమె రాయల్ సొసైటీకి విదేశీ కార్యదర్శి అయింది. మూడు వందల ఏళ్ల ఆ సంస్థలో పదవి చేపట్టిన మొదటి మహిళ ఆమె.